మాటతో గెలిచే కథ, మాట లేని తెర
(ఆపదలో కుటుంబం: ఇటలీ మూకీల నుంచి ‘సతీ సావిత్రి’ దాకా. నారాయణఖేడ్ స్మారక ఉపన్యాసం, ముద్రిత పాఠం)

మూకీ సినిమాకు తొలిరోజుల్లో అన్నిటికంటే బాగా అచ్చొచ్చిన కథ ఆపదలో చిక్కుకున్న కుటుంబం. తెరమీద మాట వినిపించదు కాబట్టి, చూడగానే అర్థమయ్యే కథ కావాలి. తల్లి ఒడిలోని బిడ్డను ఎవరో లాక్కుపోయినా, ఇంటికి నిప్పంటుకున్నా విడమరిచి చెప్పేవాళ్ళు అక్కర్లేదు. ఏ దేశంలోనైనా, అక్షరం ముక్క రాని వాళ్ళకైనా గుండె జల్లుమంటుంది. 1905లో ఇంగ్లండులో సెసిల్ హెప్‌వర్త్ కంపెనీ తీసిన ‘రెస్క్యూడ్ బై రోవర్’ అలాంటిదే. బిచ్చగత్తె ఎత్తుకుపోయిన పసిబిడ్డను ఇంటికుక్క వెతికి పట్టించే కథ అది. హెప్‌వర్త్, ఆయన భార్య, బిడ్డ, వాళ్ళ కుక్క అందులో నటించారు. కాపీలు ఎన్ని అమ్ముడుపోయాయంటే, నెగెటివ్ అరిగిపోయి అదే సినిమాను మళ్ళీ రెండుసార్లు తీయవలసి వచ్చింది. 1909లో అమెరికాలో గ్రిఫిత్ తీసిన ‘ది లోన్లీ విల్లా’లో దొంగలు ఇంటిమీద పడతారు. లోపల తల్లీ కూతుళ్ళు, దూరాన టెలిఫోను పట్టుకున్న తండ్రి. ఇంట్లో ఒక ముక్క, దారిలో ఒక ముక్క మార్చి మార్చి చూపుతూ ప్రేక్షకుణ్ణి కూర్చున్నచోట కూర్చోనివ్వకుండా చేసే పద్ధతి ఇలాంటి సినిమాల్లోనే పదును తేలింది.

ఇటలీవాళ్ళు ఈ చిన్న కథను చాలా పెద్దది చేశారు. అక్కడ సినిమా పుట్టుకే చరిత్రతో ముడిపడింది. 1905లో ఫిలొతియో అల్బెరీని తీసిన ‘లా ప్రెసా ది రోమా’ రోము నగరాన్ని జాతీయ సైన్యం స్వాధీనం చేసుకున్న ఘట్టం. మరుసటేడు రోములో చీనెస్ కంపెనీ ఏర్పడింది. ట్యూరిన్‌లో అంబ్రోజియో, ఇటాలా కంపెనీలు లేచాయి. అంబ్రోజియో 1908లోనే ‘పాంపే చివరి రోజులు’ తీసి, అగ్నిపర్వతం పేలితే జనం ఎలా పరుగులు తీస్తారో చూపించింది. శిథిలాలు చేతికి అందేంత దూరంలో ఉన్న దేశం అది. ఆపెరా రంగస్థలాల మీద మహా సౌధాలు కట్టడం తెలిసిన పనివాళ్ళు ఉన్నారు. గుంపుల్లో నిలబడటానికి కొద్ది కూలికే వందలమంది దొరికేవాళ్ళు. ఆపద ఒక్క ఇంటిది కాక ఊరంతటిది కావాలంటే కావలసిన సరంజామా అంతా అక్కడుంది. మిలానో ఫిల్మ్స్ 1911లో దాంతే కావ్యం ఆధారంగా నరకాన్నే తెరమీదికి తెచ్చింది. ‘లిన్‌ఫెర్నో’ అనే ఆ చిత్ర దర్శకుల్లో జుసెప్పె దె లిగువోరో ఒకరు. ఈయన ఇంటిపేరు తర్వాత మన దేశంలోనూ వినిపిస్తుంది.

ఈ ధోరణికి శిఖరం ‘కబీరియా’. జొవాన్ని పాస్త్రోనే దర్శకత్వంలో ఇటాలా కంపెనీ తీయగా 1914 ఏప్రిల్‌లో ట్యూరిన్‌లో విడుదలైంది. కథ క్రీస్తుకు పూర్వం మూడో శతాబ్దిది. సిసిలీ ద్వీపంలో, ఎట్నా కొండ కింద బత్తో అనే సంపన్నుడి ఇల్లు. కొండ పేలుతుంది, ఇల్లు కూలుతుంది. గొడవలో పనివాళ్ళు ధనం దొంగిలించి రహస్యపు మెట్లదారిన పారిపోతుంటే, దాది క్రొయెస్సా పసిపిల్ల కబీరియాను చంకనేసుకుని వాళ్ళ వెంట బయటపడుతుంది. పిల్ల శిథిలాల కింద పోయిందనుకుని తల్లిదండ్రులు ఏడుస్తారు. సముద్రపు దొంగలు దాదినీ పిల్లనూ పట్టుకుని కార్తేజ్ సంతలో అమ్మేస్తారు. అక్కడి ప్రధాన పూజారి, మొలోక్ దేవతకు బలి ఇవ్వడానికి పిల్లను కొంటాడు. ఆ గుడి నిప్పుల గుండంలో పసిపిల్లలను ఒకరి తర్వాత ఒకరిని వేసే దృశ్యం నేటికీ కళ్ళు తిప్పుకోనివ్వదు. ఫుల్వియో అక్సిల్లా అనే రోమన్ యోధుడు, అతని బానిస మచీస్తె కలిసి పిల్లను కాపాడతారు. ఆ తర్వాత ఆమె సోఫొనిస్బా అనే రాజకుమార్తె అంతఃపురంలో వేరే పేరుతో పెరుగుతుంది. మచీస్తె ఏళ్ళ తరబడి తిరగలికి సంకెళ్ళతో కట్టుబడి ఉంటాడు. చివరికి ఆమెను విడిపించి రోముకు ఓడలో తీసుకుపోతారు.

పనితనంలో ‘కబీరియా’ అంతవరకు వచ్చినవాటన్నిటినీ దాటింది. కెమెరాను చక్రాల బండిమీద పెట్టి దృశ్యంలోకి మెల్లగా నడిపించే ఏర్పాటుకు పాస్త్రోనే 1912లోనే పేటెంటు తీసుకున్నాడు. అంతవరకు తెర నాటకరంగంలా చదునుగా కనిపించేది. ఇప్పుడు మండపాలకు లోతు వచ్చింది. మాయ దృశ్యాల పని స్పెయిన్‌కు చెందిన సెగుందో దె చొమోన్‌ది. పాత్రల పేర్లకూ తెరమీద చదివే పలకలకూ ఆనాటి మహాకవి గాబ్రియేలె దాన్నుంజియో పేరు పెట్టుకుని, అందుకు భారీ మొత్తం చెల్లించారు. కార్యం చేసింది పాస్త్రోనే అయినా ప్రచారంలో పేరు మాత్రం కవిదే మోగింది. సినిమా పెద్దమనుషుల కళ అనిపించుకోవాలని ఆరాటపడిన కాలం అది, అందుకు చెల్లించిన సుంకం అనుకోవాలి. మచీస్తె వేషం వేసిన బార్తొలోమియో పగానో జెనోవా రేవులో మూటలు మోసిన కూలీ. కవిగారి పలకలను మరిచిపోయిన జనం ఆ కూలీ కండలను మాత్రం మరవలేదు. ఆ పాత్ర పేరుతోనే తర్వాత ఎన్నో సినిమాలు వచ్చాయి.

ఇంత గొప్ప చిత్రంలోనూ ఒక లోటు కనిపిస్తుంది. కథ కుటుంబంతో మొదలై కుటుంబాన్ని వదిలేస్తుంది. తల్లిదండ్రులు మొదటి అంకంలో ఏడ్చి పక్కకు తప్పుకుంటారు. మధ్యలో హానిబల్ ఆల్ప్స్ కొండలు దాటుతాడు, ఆర్కిమిడీస్ అద్దాలతో ఓడలు తగలబెడతాడు. ఆపద వచ్చేది బయటినుంచి: కొండ, దొంగ, పూజారి. ఆదుకునేదీ బయటివాడే: యోధుడు, బలశాలి. ఆపదలో ఉన్న మనిషి చేయగలిగింది ఏమీ లేదు, ఎవరో వచ్చేదాకా ఎదురుచూడటం తప్ప.

భారతదేశంలో మూకీ ఇదే కాలంలో పుట్టింది, ఆపదలో ఉన్న కుటుంబంతోనే పుట్టింది. 1913 మే 3న బొంబాయి కారొనేషన్ సినిమాటోగ్రాఫ్‌లో విడుదలైన దాదాసాహెబ్ ఫాల్కే ‘రాజా హరిశ్చంద్ర’లో భార్య అమ్ముడుపోతుంది, కొడుకు చచ్చిపోతాడు, భర్త కాటికాపరి అవుతాడు. ఆడవేషానికి ఆడవాళ్ళు దొరక్క అణ్ణా సాలుంకే అనే యువకుడు తారామతి అయ్యాడు. ఫాల్కే కొడుకు భాలచంద్ర రోహితుడయ్యాడు. అయితే ఇక్కడి ఆపద తీరు వేరు. అది బయటినుంచి వచ్చి పడలేదు. ఇంటి పెద్ద ఇచ్చిన మాటే ఇంటికి ముప్పయింది. నలుడి కథలో జూదం, ధ్రువుడి కథలో సవతితల్లి నోరు, ప్రహ్లాదుడి కథలో కన్నతండ్రే. మన పురాణ కుటుంబానికి శత్రువు తరచు గడప లోపలే ఉంటాడు. దాన్ని చూపించడానికి కూలే కొండలు అక్కర్లేదు, మనసులో జరిగేది బయటికి వినిపించాలి. మూకీకి చేతకానిది సరిగ్గా అదే. తెలుగు ఊళ్ళలో బలిజేపల్లి లక్ష్మీకాంతం ‘సత్య హరిశ్చంద్రీయము’ నాటకంలోని కాటిసీను వినడానికి జనం తెల్లవార్లూ కూర్చునేవారు. చూడటానికి అక్కడున్నది చితి, కుండ, కర్ర. వాళ్ళు వచ్చింది పద్యాల కోసం.

ఇటలీ పద్ధతీ మన పురాణమూ ఒకచోట కలిసిన ఘట్టం ఉంది. కలిపినవాడు కలకత్తా పార్సీ వ్యాపారి జంషెడ్జీ ఫ్రాంజీ మదన్. నాటక కంపెనీలతో మొదలుపెట్టి, ఎల్ఫిన్‌స్టన్ బయస్కోప్ కంపెనీతో డేరాల్లో సినిమాలు చూపించి, క్రమంగా భారతదేశం, బర్మా, సింహళం అంతటా సినిమాహాళ్ళు కట్టిన మనిషి. 1919లో అది మదన్ థియేటర్స్ లిమిటెడ్ అయింది. హాళ్ళు అన్ని ఉంటే బొమ్మలు అన్ని కావాలి. పనితనం తెలిసిన మనుషులు ఇటలీలో దొరికారు. మొదటి ప్రపంచ యుద్ధం తర్వాత అక్కడి పరిశ్రమ పడిపోతోంది. పెద్ద కంపెనీలన్నీ 1919లో ఒకే గొడుగు కిందికి చేరాయి. వాటికి అండగా ఉన్న బ్యాంకు 1921 చివర దివాలా తీయడంతో ఆ గొడుగూ చిరిగింది. చేతిలో విద్య ఉండి పని లేని దర్శకులు, కెమెరామన్‌లు ఓడలెక్కారు.

అలా వచ్చినవారిలో, ఆ దివాలాకు ముందే వచ్చినవాడు యూజీనియో దె లిగువోరో, నరకాన్ని తెరకెక్కించిన జుసెప్పె కొడుకు. మదన్ కంపెనీకి ఆయన తీసిన ‘నల దమయంతి’ 1920లో తయారైంది. దమయంతి వేషం కలకత్తా ఆంగ్లో ఇండియన్ నటి పేషన్స్ కూపర్‌ది. నారదుడు మేరు పర్వతం మీదుగా స్వర్గానికి ఎగసిపోవడం, నలుగురు దేవతలు నలుడి రూపం దాల్చడం, హంస రాయబారం, పాముగా మారడం వంటి మాయలు ఆ సినిమాకు పేరు తెచ్చాయి. ఇటలీవాళ్ళు ఏది బాగా చేయగలరో అదే చేశారని దీన్నిబట్టి తెలుస్తుంది. నలకథలో అసలు గాయం మరోచోట ఉంది. అడవిలో నిద్రపోతున్న భార్య చీరలో సగం చించుకుని భర్త వెళ్ళిపోతాడు. అంతకుముందే పిల్లలిద్దరినీ రథమెక్కించి తాతగారింటికి పంపేసింది ఆ తల్లి, ఆపద ముందే పసిగట్టి. పిల్లల సంగతి చూసుకుని తాను భర్త వెంట నడిచిన ఆ నిర్ణయానికి ఏ మాయాదృశ్యమూ సాటిరాదు. యూజీనియో ఆ తర్వాత ‘ధ్రువ చరిత్ర’ కూడా తీశాడు, చివరికి దక్షిణ అమెరికా వెళ్ళి చిలీలో సినిమాలు తీశాడు.

దీనికి ఎదురు దిశలో జరిగింది ఇంకా విచిత్రమైనది. 1923లో మదన్ కంపెనీ, రోములోని చీనెస్ కంపెనీ కలిసి మన సావిత్రి కథను ఇటలీలోనే తీశాయి. దర్శకుడు జోర్జో మన్నీని. సావిత్రి వేషం రీనా దె లిగువోరోది, సత్యవంతుడు అంజెలో ఫెర్రారి. రోముకు దగ్గరి టివోలీ జలపాతాలు సాళ్వదేశపు అడవిగా మారాయి. రీనా అదే లిగువోరో ఇంటి కోడలు, జుసెప్పె మరో కొడుకు వ్లాదిమీరో భార్య. మామగారు నరకాన్ని తీస్తే కోడలు యముడితో వాదించింది. ఆ ఇంటికీ మృత్యుదేవతకూ ఏదో లెక్క ఉన్నట్టుంది. రీనా మరుసటేడు ‘మెస్సలీనా’లో రోమన్ మహారాణిగా దేశదేశాల్లో పేరు తెచ్చుకుంది. నలభయ్యేళ్ళ తర్వాత విస్కోంతి ‘ది లెపర్డ్’లో చిన్న వేషంలో చివరిసారి కనిపించింది.

సావిత్రి కథను ఇటలీవాళ్ళు ఎంచుకోవడం అర్థం చేసుకోదగిందే: అడవి, అందమైన జంట, పగటివేళ వచ్చిన మృత్యువు, చివరికి గెలుపు. కానీ మహాభారతం అరణ్యపర్వంలో మార్కండేయుడు ధర్మరాజుకు చెప్పిన ఆ కథను, తెలుగులో ఎఱ్ఱన పూరించిన భాగంలో నిదానంగా చదివితే, అందులోని ఆపద ఒక్క భర్తదే కాదని తెలుస్తుంది. సావిత్రి మెట్టిన ఇల్లు అప్పటికే కూలిన ఇల్లు. మామగారు ద్యుమత్సేనుడు కళ్ళు పోయి, రాజ్యం శత్రువుల పాలై, భార్యనూ ఒక్కగానొక్క కొడుకునూ వెంటబెట్టుకుని అడవి చేరినవాడు. ఆ ముసలి దంపతులకు కన్నూ కర్రా ఆ కొడుకే. పుట్టింట తండ్రి అశ్వపతికీ ఈమె తప్ప సంతానం లేదు. సరిగ్గా ఏడాదికి సత్యవంతుడు పోతాడని నారదుడు చెప్పిన మాట ఆమెకు తెలుసు, అత్తమామలకు తెలియదు. ఏడాది పొడుగునా ఇంట్లో నలుగురి మధ్య తిరుగుతూ, రోజులు లెక్కపెడుతూ ఒక్కతే మోసిన బరువది. ఇంత నిశ్శబ్దంగా ఒక ఇంటిమీదికి వచ్చే ఆపద ప్రపంచ సాహిత్యంలోనే తక్కువ.

చివరి మూడు రోజులు ఆమె ఉపవాస వ్రతం పట్టింది. నాలుగోనాడు కట్టెలకు వెళ్ళే భర్త వెంట తానూ బయలుదేరింది. కట్టె కొడుతూ తలనొప్పని అతను ఆమె ఒడిలో ఒరిగాడు. యముడు పాశంతో ప్రాణం తీసుకుని దక్షిణంగా నడిచాడు, ఆమె వెనక నడిచింది. ఇక్కడినుంచి కథలో పోరాటం లేదు, పరుగు లేదు, ఆయుధం లేదు. ఉన్నది సంభాషణ. ఏడడుగులు కలిసి నడిస్తే స్నేహం అంటారు కాబట్టి ఆ స్నేహం కొద్దీ వినమంటుంది. సజ్జనుల సాంగత్యం గురించి, ధర్మం గురించి చెబుతుంది. యముడు మెచ్చి, భర్త ప్రాణం తప్ప ఏదైనా కోరుకోమంటాడు. మామగారి చూపు, మామగారి రాజ్యం, తండ్రికి నూరుగురు కొడుకులు. వరుసగా ఒక్కో ఇంటిని నిలబెట్టుకుంటూ వచ్చి, నాలుగోసారి తనకూ సత్యవంతుడికీ నూరుగురు పుత్రులు కావాలంటుంది. ఇచ్చాక యముడు తన మాటలో తానే చిక్కుకున్నాడు. అయిదో వరంగా భర్త ప్రాణం ఇవ్వక తప్పలేదు. ఆ రాత్రి ఆశ్రమంలో చూపు వచ్చిన ద్యుమత్సేనుడు, వచ్చిన చూపుతో కొడుకును వెతుకుతూ అడవంతా తిరగడం ఆ ఘట్టానికి అందమైన కొసమెరుపు.

మచీస్తె గెలిచింది కండబలంతో. సావిత్రి గెలిచింది మాటతో. మొదటిది మూకీకి దేవుడిచ్చిన వరం, రెండోది మూకీకి దాటరాని గోడ. యమ సావిత్రీ సంవాదాన్ని మాట వినిపించని తెరమీద చూపాలంటే, వాదమంతా పలకలమీద రాసి చదివించాలి, లేదా వాదం తీసేసి ఆమె కన్నీళ్ళను చూపించాలి. పలకలు ఎక్కువైతే బొమ్మ ఆగిపోతుంది. కన్నీళ్ళు ఎక్కువైతే తెలివిగల సావిత్రి దీనురాలైన సావిత్రి అవుతుంది, యముడు జాలిపడి ఇచ్చినట్టు అవుతుంది. అలా అయితే కథ తలకిందులైనట్టే. రోములో కాదు, ఏ దేశంలో తీసినా మూకీ సావిత్రికి ఈ చిక్కు తప్పదు.

తెలుగు, కన్నడ, మరాఠీ కలిసే సీమలో ఈ చిక్కుకు ఇంకో మెలిక ఉంది. ఆ సీమలోని నారాయణఖేడ్ మూకీల రోజుల్లో నిజాం రాజ్యంలో బీదర్ జిల్లా తాలూకా. 1956 నవంబరు 1న భాషలవారీగా రాష్ట్రాలు ఏర్పడినప్పుడు బీదర్ జిల్లాను మూడు రాష్ట్రాలకు పంచారు. నారాయణఖేడ్ మెదక్ జిల్లాలోకి వచ్చింది, 2016లో సంగారెడ్డి జిల్లాలో చేరింది. సర్కారు భాష ఉర్దూ, ఇంటిభాష తెలుగు, పక్కింటివాళ్ళది కన్నడం, సంతకు వచ్చేవాళ్ళది మరాఠీ, తండాల్లో లంబాడీ. ఆనాటి హైదరాబాదు రాజ్యంలో నూటికి అయిదుగురికి కూడా చదువు రాదు. మూకీలో పలకలు రెండు మూడు భాషల్లో వేసినా చదివేవాళ్ళు లేనప్పుడు ఏం లాభం? అందుకే దక్షిణాది ఊళ్ళలో డేరా సినిమాలు వచ్చినప్పుడు తెర పక్కన ఒక మనిషి నిలబడి గట్టిగా కథ చెప్పేవాడు. పలకమీద ఉన్నది చదవడమే కాదు, లేనిదీ కల్పించేవాడు. పేరుకు మూకీయే గాని, హాలు మాత్రం ఎన్నడూ మూగగా లేదు. ఒక విధంగా సావిత్రి నోటి మాట ఆ వ్యాఖ్యాత నోట పలికింది.

ఈ సీమ ఆడవాళ్ళకు సావిత్రి కథను సినిమా కొత్తగా నేర్పవలసిన పని లేదు. జ్యేష్ఠ పౌర్ణమి రోజున మరాఠీ ఇల్లాళ్ళు మర్రిచెట్టుకు దారం చుడుతూ వటసావిత్రి వ్రతం చేస్తారు. అదే పున్నమి తెలుగు రైతుకు ఏరువాక, కన్నడ రైతుకు కారహుణ్ణిమె. ఒకే రోజు ఒకచోట ఎడ్లకు పూజ, ఒకచోట మర్రికి పూజ. మూడూ పక్కపక్కనే జరిగే సరిహద్దు ఇది. పోయిన ప్రాణాన్ని మాటలతో రాబట్టిన ఇల్లాలు ఇక్కడివాళ్ళకు పురాణ పాత్ర కంటే ఎక్కువగా ఏటేటా గుర్తొచ్చే మనిషి.

నిజాం రాజ్యంలో సినిమా తీయడమూ ఆ ఏళ్ళలోనే మొదలైంది. బెంగాలీ చిత్రకారుడు ధీరేంద్రనాథ్ గంగూలీ శాంతినికేతన్‌లో చదివి, హైదరాబాదులో చిత్రలేఖనం నేర్పే ఉద్యోగం చేసినవాడు. కలకత్తాలో ‘బిలాత్ ఫెరత్’తో పేరు తెచ్చుకుని, 1922లో హైదరాబాదు తిరిగొచ్చి నిజాం ప్రోత్సాహంతో లోటస్ ఫిల్మ్ కంపెనీ పెట్టాడు. ‘ఇంద్రజిత్’, ‘హరగౌరి’, ‘యయాతి’ వంటి పురాణాలతో పాటు ‘లేడీ టీచర్’, ‘మ్యారేజ్ టానిక్’, ‘స్టెప్ మదర్’ అనే సాంఘికాలు తీశాడు. పేర్లు చూస్తేనే ఆయన మనసు ఇంటి గొడవలమీద ఉందని తెలుస్తుంది. రాక్షసులకంటే పెళ్ళి, చదువు, సవతితల్లి ఇంటికి తెచ్చే చిక్కులు ఆయనకు ఎక్కువ ఇష్టం. ఇది రెండేళ్ళ ముచ్చటే అయింది. 1924లో బొంబాయిలో తయారైన ‘రజియా బేగం’ సినిమాను హైదరాబాదులో ఆడించాడని, ముస్లిం మహారాణి ప్రేమకథ నిజాం మీర్ ఉస్మాన్ అలీఖాన్‌కు ఆగ్రహం తెప్పించిందని, ఇరవై నాలుగు గంటల్లో రాజ్యం విడిచిపొమ్మని ఆజ్ఞ వచ్చిందని సినిమా చరిత్రకారులు రాశారు. గంగూలీ కలకత్తా వెళ్ళిపోయాడు. అక్కడ పెద్ద మనిషై 1975లో దాదాసాహెబ్ ఫాల్కే పురస్కారం అందుకున్నాడు. హైదరాబాదులో తెలుగు సినిమా పరిశ్రమ వేళ్ళూనడానికి ఇంకా నాలుగు దశాబ్దాలు పట్టింది. ఆ ఆజ్ఞ లేకుంటే కథ వేరేగా నడిచేదేమో.

మద్రాసు వైపు తెలుగువాళ్ళు అప్పటికే రంగంలో ఉన్నారు. మచిలీపట్నంలో పుట్టిన రఘుపతి వెంకయ్య మద్రాసులో ఫొటో స్టూడియో నడిపి, క్రోనోమెగాఫోన్ యంత్రం కొని, పళ్ళెం రికార్డుతో పాటు బొమ్మ కదిలే చిన్న చిత్రాలను దక్షిణాదినంతా, బర్మా, సింహళాల్లోనూ చూపించాడు. మౌంట్ రోడ్డులో గెయిటీ థియేటర్ కట్టాడు. కొడుకు ప్రకాష్‌ను విదేశాలకు పంపి పని నేర్పించాడు. 1921లో స్టార్ ఆఫ్ ది ఈస్ట్ కంపెనీ తరఫున తండ్రీ కొడుకులు తీసిన ‘భీష్మ ప్రతిజ్ఞ’ కూడా తండ్రి కోసం కొడుకు తన కుటుంబ భాగ్యాన్ని వదులుకున్న కథే. వీళ్ళ దగ్గర పని నేర్చుకున్న చిత్తజల్లు పుల్లయ్య కాకినాడకు తిరిగొచ్చి ‘మార్కండేయ’ అనే చిన్న మూకీ తీశాడు. పదహారేళ్ళకే చావు రాసిపెట్టి ఉన్న కొడుకు, నిస్సహాయులైన తల్లిదండ్రుల కథ. అందులో యముడి వేషం పుల్లయ్యే వేశాడు. భారతంలో సావిత్రి కథ చెప్పిన ముని పేరూ మార్కండేయుడే కావడం కాకతాళీయమే అయినా, పుల్లయ్యకు యముడితో స్నేహం అక్కడ మొదలైంది.

సినిమాకు మాట వచ్చింది. 1932లో హెచ్.ఎమ్. రెడ్డి ‘భక్త ప్రహ్లాద’తో తెలుగు టాకీ మొదలైంది. మద్రాసులో ఇంకా శబ్దం పట్టే స్టూడియోలు లేవు, కాబట్టి తెలుగు బృందాలు బొంబాయికో కలకత్తాకో రైలెక్కేవి. 1933లో కలకత్తా ఈస్టిండియా ఫిల్మ్ కంపెనీకి పుల్లయ్య తీసిన ‘సతీ సావిత్రి’ అలా తయారైంది. పదేళ్ళ కింద ఏ కలకత్తా నుంచి ఈ కథ రోముకు వెళ్ళిందో, ఆ ఊరికే తెలుగు సావిత్రి వచ్చింది. మదన్ 1923లోనే కన్నుమూశాడు, టాకీ ఖర్చులకు తట్టుకోలేక ఆ కంపెనీ పతనం మొదలైంది. సావిత్రి దాసరి రామతిలకం, యముడు వేమూరి గగ్గయ్య. ఇద్దరూ నాటకాలు ఆడి రాటుదేలినవాళ్ళే. గగ్గయ్య గొంతు గురించి ఆ తరం వాళ్ళు చెప్పుకున్నది అంతా ఇంతా కాదు. కంసుడు, రావణుడు వంటి వేషాలకు ఆయన పేరే గుర్తొచ్చేది.

నిజానికి సినిమా కళగా చూస్తే రోము సావిత్రి వెనకాల ఉన్న చేతిపనికీ కలకత్తా టాకీకీ పోలికే లేదు. తొలి టాకీల్లో కెమెరా కదలడం మానేసింది, నటులు మైకు చుట్టూ నిలబడి పద్యాలు పాడారు. పాస్త్రోనే చక్రాలమీద సాధించిన లోతు మళ్ళీ చదునైపోయింది. తెలుగు సినిమా నాటకం ఫొటో మాత్రమే అని విమర్శకులు విసుక్కున్నది అందుకే. కానీ ఈ ఒక్క కథ విషయంలో వాళ్ళ విసుగు న్యాయం కాదు. సావిత్రికి కావలసింది జలపాతం కాదు, ఎదుటివాడు బదులు చెప్పగలగడం. యముడు గర్జించాలి, ఆమె ఆ గర్జనకు జంకకుండా పద్యంలో మెత్తగా జవాబివ్వాలి, అతను తన నోటితోనే ఓడిపోవాలి. ఇది తెరమీద మొదటిసారి సాధ్యమైంది మాట వచ్చాకే. ఆ తర్వాత 1957లో ఎస్. వరలక్ష్మి సావిత్రిగా, ఎస్.వి. రంగారావు యముడిగా ఇదే కథ మళ్ళీ వచ్చింది. 1977లో ‘యమగోల’ వచ్చేసరికి యముడితో వాదం హాస్యమైపోయింది. భయం పోయి ముచ్చట మిగిలింది, వాదన మాత్రం పోలేదు.

ఇదంతా చెప్పుకోగలగడం కాగితాల పుణ్యం. మన దేశంలో తీసిన వెయ్యికి పైగా మూకీల్లో మిగిలినవి కొన్ని పదులే, వాటిలోనూ చాలావరకు ముక్కలు. ఆనాటి ఫిల్ము నైట్రేటుది, తేమకు కుళ్ళిపోతుంది, వేడికి తనంతట తానే అంటుకుంటుంది. వెండి కోసం కరిగించినవి కొన్ని. 2003 జనవరిలో పుణెలో జరిగిన అగ్నిప్రమాదంలో దాచుకున్న నైట్రేటు రీళ్ళు ఎన్నో బూడిదయ్యాయి. దొరికినవాటి సంగతి ఒకటి ఉంది. మదన్ కంపెనీ 1919లో తీసిన ‘బిల్వమంగళ్’ పూర్తిగా పోయిందనుకుంటుండగా దాని ముక్క ఒకటి పారిస్ చిత్ర భాండాగారంలో బయటపడి, 2016లో భారతదేశానికి తిరిగొచ్చింది. రోములో తీసిన సావిత్రిని వెతకవలసిన చోట్లు ఏవో దీన్నిబట్టి తెలుస్తూనే ఉంది: రోములోని జాతీయ చిత్ర భాండాగారం, ట్యూరిన్ సినిమా మ్యూజియం, బొలోన్యా చిత్ర సంగ్రహాలయం. ఆ జాబితాల్లో మన కథ మన పేరుతో ఉండకపోవచ్చు, ఏ ఇటాలియన్ శీర్షిక కిందో ఉండవచ్చు. హైదరాబాదు విశ్వవిద్యాలయాల్లో సినిమా చరిత్ర చదివే పరిశోధకులు ఈ వెతుకులాట చేపట్టాలి. బీదర్, నారాయణఖేడ్, జహీరాబాద్ ప్రాంతాల పాత ఇళ్ళలో డేరా సినిమాల కరపత్రాలు, గాజు స్లైడులు, టిక్కెట్టు పుస్తకాలు ఇంకా ఎవరి అటకమీదైనా ఉంటే, చెదలకు వదలకుండా దగ్గరి గ్రంథాలయానికో రాష్ట్ర పురాభిలేఖాల శాఖకో అప్పగించాలి.